పౌను గింజల లెక్క: ధాత కరువు, టెంపుల్ కూలి, ఒక పట్టిక

మైక్ డేవిస్ 2001లో ప్రచురించిన ‘లేట్ విక్టోరియన్ హోలోకాస్ట్స్’ గ్రంథంలో ఒక చిన్న పట్టిక ఉంది. 1877లో మద్రాసు ప్రెసిడెన్సీ కరువు పనుల్లో కూలీలకు ఇచ్చిన ‘టెంపుల్ కూలి’ 1,627 కేలరీలకు సమానమనీ, 1944లో బూకెన్‌వాల్డ్ నాజీ శిబిరంలో ఖైదీలకిచ్చిన తిండి 1,750 కేలరీలనీ ఆ పట్టిక చెబుతుంది. బ్రిటిష్ పాలన గురించి వాదోపవాదాలు జరిగే చోట ఈ రెండు అంకెలు తరచు వినిపిస్తాయి. ఆ పోలిక పాఠకుణ్ణి కదిలిస్తుంది. కానీ ఆ పట్టికలో మనం నిజంగా చూడవలసిన వరుస వేరొకటి ఉన్నదనీ, బూకెన్‌వాల్డ్ మాట వెలుగులో అది కంటికి ఆనడం లేదనీ నా అభిప్రాయం. ఒక వైద్యుడిగా ఆ లెక్కను తిరిగి చూడడం ఈ వ్యాసం ఉద్దేశం.

ముందుగా నేపథ్యం. 1876లో వానలు విఫలమయ్యాయి. తెలుగు సంవత్సరాల్లో అది ధాత. అందుకే దానికి ధాత కరువన్న పేరు. ప్రెసిడెన్సీలో అందరికన్నా ఎక్కువగా దెబ్బతిన్నవాటిలో బళ్ళారి, కర్నూలు, కడప, నెల్లూరు జిల్లాలున్నాయి. మొదటి మూడూ 1800లో నిజాము కంపెనీకి వదులుకున్న దత్తమండలాల లోనివి. థామస్ మన్రో 1800 నుంచి 1807 దాకా కలెక్టరుగా ఉండి రైతువారీ పన్నును స్థిరపరచిన నేల అది. ముక్కాలు శతాబ్దం పాటు ఏటా శిస్తు లెక్క తప్పకుండా తేలిన ఆ నేల మీద 1876 చివరికి రైతు చేతిలో గింజ లేదు, కొనడానికి డబ్బు లేదు. మద్రాసు గవర్నరు బకింగ్‌హామ్ డ్యూకు ప్రభుత్వం గుట్టుగా ధాన్యం కొనబోతే, వ్యాపారంలో జోక్యం కూడదంటూ కలకత్తాలోని భారత ప్రభుత్వం తప్పుపట్టింది. 1877 జనవరి 1న వైస్రాయి లిట్టన్ విక్టోరియా రాణిని భారత చక్రవర్తినిగా ప్రకటిస్తూ ఢిల్లీలో దర్బారు జరిపాడు. అదే నెలలో సర్ రిచర్డ్ టెంపుల్‌ను కరువు ప్రతినిధిగా దక్షిణాదికి పంపాడు.

టెంపుల్ చేసిన పని ముఖ్యంగా ఖర్చు తగ్గించడం. కూలీకి అంతకు ముందు లెక్కగట్టిన ఒకటిన్నర పౌనుల ధాన్యాన్ని ఒక పౌనుకు కుదించాడు. పైన కొద్దిపాటి చిల్లర మాత్రం ఉంటుంది. ఒంట్లో శక్తి ఉన్నవాళ్ళు ఊరికి పది మైళ్ళ అవతలి పనులకు వెళ్ళాలన్న దూరపు పరీక్షను కూడా పెట్టాడు. పౌను చాలునా చాలదా అన్నది ప్రయోగం చేసి చూద్దామన్నది అతని ధోరణి. దీన్ని ఎదిరించినవాడు మద్రాసు శానిటరీ కమిషనరు డాక్టర్ విలియం రాబర్ట్ కార్నిష్. మద్రాసు ప్రజల ఆహారం మీద 1860లలోనే నివేదిక రాసిన వ్యక్తి ఆయన. కష్టపడే మనిషికి ఒకటిన్నర పౌనుల గింజలతో పాటు పప్పు, కూరగాయలు తప్పవని వాదించాడు. ఈ తగవు సాంతం విలియం డిగ్బీ 1878లో రెండు సంపుటాలుగా వెలువరించిన గ్రంథంలో చదవవచ్చు. డిగ్బీ మద్రాసులో పత్రికా సంపాదకుడు, కరువు సహాయనిధికి కార్యదర్శి. ఆయన మొగ్గు కార్నిష్ వైపు అన్నది దాచిన సంగతి కాదు.

ఇప్పుడు అంకెలు. ఒక పౌను అంటే 454 గ్రాములు. జొన్న, రాగి, బియ్యం వంటి గింజలు వంద గ్రాములకు సుమారు 350 కేలరీలు ఇస్తాయి. కాబట్టి 1,600కు అటూ ఇటూగా ఉన్న డేవిస్ లెక్క సరైనదే. అయితే ఏ శరీరానికి, ఏ పనికి అన్నది తేల్చకుండా కేలరీల సంఖ్య ఒక్కటే ఏమీ చెప్పదు. యూరపు ఖైదీ దేహం వేరు, బళ్ళారి కూలీ దేహం వేరు. పైగా బూకెన్‌వాల్డ్ పేరు ఎత్తగానే చర్చ ఉద్దేశం మీదికి మళ్ళుతుంది. టెంపుల్ చంపాలనుకున్నాడా అని ఎదుటివారు అడుగుతారు. అనుకోలేదని నిరూపించడం సులభం. దానితో పౌను గింజల సంగతి పక్కకు పోతుంది. అభియోగాన్ని బలపరచడానికి తెచ్చిన పోలిక చివరకు ముద్దాయికే ఉపకరిస్తుంది.

దేహాన్ని బట్టి లెక్క ఇలా కట్టవచ్చు. భారత వైద్య పరిశోధన మండలి 2010లో 60 కిలోల పురుషుడు బరువు పని చేస్తే రోజుకు 3,490 కేలరీలు కావాలని సూచించింది. మన కూలీ 45 కిలోలే అనుకుందాం. అదే నిష్పత్తిలో అతనికి 2,600 కావాలి. చేతికందేది 1,600. కంకర కొట్టి, మట్టి మోసే మనిషికి రోజుకు వెయ్యి కేలరీల లోటు. పైన చిల్లర ఉంది కదా అంటారు టెంపుల్ పక్షం వారు. ఉప్పు, కట్టెలు ఆ చిల్లరతోనే కొనాలి. ఇంట్లోని ముసలివాళ్ళకూ పసివాళ్ళకూ పంచేది కూడా అందులోంచే. కొవ్వు నిల్వలున్న దేహమైతే కొన్ని వారాలు ఆ లోటును భరిస్తుంది. 1877లో పనుల దగ్గరకు వచ్చినవారు అప్పటికే నెలల తరబడి పస్తులున్నవారు. అలాంటి దేహం తన కండనే కరిగించుకుంటుంది. గుండె కండరం, పేగు లోపలి పొర కూడా ఆ ఖాతాలోకే వస్తాయి.

వైద్యశాస్త్రంలో దీనికి దగ్గరి పోలిక నాజీ శిబిరంలో కంటే అమెరికాలో ఒక విశ్వవిద్యాలయంలో దొరుకుతుంది. 1944–45లో మిన్నెసోటాలో ఆన్సెల్ కీస్ 36 మంది ఆరోగ్యవంతులైన యువకుల మీద ఆకలి ప్రయోగం చేశాడు. వారు యుద్ధంలో ఆయుధం పట్టడానికి మనస్సాక్షి ఒప్పక, బదులుగా ఈ సేవకు స్వచ్ఛందంగా ముందుకొచ్చినవారు. 24 వారాల పాటు వారికిచ్చిన ఆహారం సగటున రోజుకు 1,570 కేలరీలు. వారానికి 22 మైళ్ళ నడక. ఆ కాలం ముగిసేసరికి వారి బరువులో నాలుగో వంతు పోయింది. కాళ్ళు వాచాయి, నాడి నెమ్మదించింది, తిండి తప్ప మరో ఆలోచన లేకుండా పోయింది. వారు మన కూలీలకన్నా పెద్ద దేహాలవారు గనుక అదే తిండి వారికి మరింత తక్కువ అన్న మాట నిజమే. కానీ వారు నిండు ఆరోగ్యంతో మొదలుపెట్టారు, రోజూ డాక్టర్ల పర్యవేక్షణలో ఉన్నారు, రాళ్ళు కొట్టలేదు, కలరా మధ్య పడుకోలేదు. ప్రయోగమన్న మాట ఇద్దరూ వాడారు. మిన్నెసోటాలో ప్రయోగానికి లోనైనవారి అనుమతి ఉంది, ప్రయోగానికి గడువూ ఉంది.

ఇక పట్టికలో మనం దాటిపోయే వరుస. 1874లో బెంగాలు కరువు పనుల్లో ఇచ్చిన తిండి అని డేవిస్ చూపిన అంకె 2,500 కేలరీలు. ఆ తిండి ఏర్పాటు చేసింది కూడా ఇదే రిచర్డ్ టెంపుల్! 1873–74లో బీహారులో పంటలు పోయినప్పుడు బర్మా నుంచి సుమారు నాలుగున్నర లక్షల టన్నుల బియ్యం తెప్పించాడు. ఆకలి చావులు అతి స్వల్పంగా ముగిశాయి. అందుకు అతనికి దక్కినది దుబారా మనిషి అన్న నింద. లండనులోని ఎకనామిస్ట్ పత్రిక సైతం మందలించింది. మూడేళ్ళ తరువాత పౌను కూలితో మద్రాసుకు వచ్చినవాడు ఆ నింద నుంచి పాఠం నేర్చుకున్న అధికారి. పొదుపు చూపించాడు. 1877లోనే బొంబాయి గవర్నరయ్యాడు.

ఈ రెండు వరుసలనూ పక్కపక్కన పెడితే సామ్రాజ్య సమర్థకుల ప్రధాన వాదం నిలవదు. ఆనాటి పోషకాహార జ్ఞానం పరిమితమనీ, కరువును ఎదుర్కొనే పద్ధతులు తెలియవనీ వారంటారు. తెలుసు. అదే మనిషికి, అదే ప్రభుత్వానికి, మూడేళ్ళ ముందు తెలుసు. 2,500 నుంచి 1,627కు జరిగిన దిగుడు శాస్త్రం వల్ల వచ్చినది కాదు, ఖజానా వల్ల వచ్చినది. ఇది నిరూపించడానికి ఎవరి మనసులోనూ హత్యాసంకల్పం వెతకనక్కరలేదు.

ఫలితాలు కార్నిష్ లెక్కల్లో ఉన్నాయి. 1877 వేసవికి సహాయ శిబిరాల్లో నెలసరి మరణాలు ఏడాదికి నూటికి 94 చొప్పున పడుతున్నాయని ఆయన చూపాడు. శవపరీక్షల్లో కండ పూర్తిగా కరగడం, కింది పేగు లోపలి పొర నశించడం కనిపించాయి. ఎదిగిన మగవారు కొందరు 60 పౌనులు, అంటే 27 కిలోలు కూడా తూగలేదు. ఈ పేగు సంగతి ముఖ్యం. ఆ పొర పోయినవాడికి తరువాత అన్నం పెట్టినా ఒంటబట్టదు, విరేచనాలతో పోతాడు. చావు పట్టీలో కారణం విరేచనాలు, జిగట విరేచనాలు అని పడుతుంది. ఆకలి అన్న మాట ఆ గడిలోకి రాదు. 1878 తరువాత మృతుల సంఖ్య మీద ఇన్ని అంచనాలు రావడానికి, బ్రిటిష్ ప్రాంతాల్లో 50 లక్షలకు పైగా అన్న అధికారిక అంచనా నుంచి డిగ్బీ చెప్పిన కోటికి పైగా వరకు, ఇదీ ఒక కారణం. 1871, 1881 జనాభా లెక్కలు పోల్చితే బళ్ళారి, కర్నూలు, కడప జిల్లాల్లో పదేళ్ళలో పెరగవలసిన జనం తగ్గిపోయారు. ఆ తేడాకు రోగం పేరు అవసరం లేదు.

మద్రాసు ప్రభుత్వం చివరకు సగం దారి దిగి వచ్చింది. ఒకటింపావు పౌను గింజలు, ఒకటిన్నర ఔన్సుల పప్పు ఇచ్చింది. డిగ్బీ నుంచి డేవిస్ వరకు అందరూ దీన్ని కార్నిష్ గెలుపుగా చెబుతారు. ఆ గెలుపు వల్ల ప్రాణాలు నిలిచి ఉంటాయి. దాన్ని తక్కువ చేయలేము. కానీ వారి ఉత్తరప్రత్యుత్తరాలను వరుసగా చదివితే ఇద్దరూ ఒకే ప్రశ్నకు జవాబు చెబుతున్నారని తెలుస్తుంది: పని చేసే దేహాన్ని ఎంత తక్కువతో నిలపవచ్చు? టెంపుల్ ఒక పౌను అన్నాడు, కార్నిష్ ఒకటిన్నర అన్నాడు. గింజలు ఎవరి చేతుల్లో ఉన్నాయి, రేవుల నుంచి ఓడలెక్కి ఎటు పోతున్నాయి అన్నది శానిటరీ కమిషనరు పరిధిలోకి రాదు. ఆ కాలంలోనే ఇండియా నుంచి యూరపుకు గోధుమల ఎగుమతి కొత్త రికార్డులు చేరిందని డేవిస్ గ్రంథమే చెబుతోంది.

స్ట్రేచీ అధ్యక్షతన కరువు కమిషన్ 1880లో నివేదిక ఇచ్చింది. 1883లో కరువు నియమావళి వచ్చింది. కూలి పట్టికలు అందులోకి ఎక్కాయి. ఎంత తక్కువ అన్న ప్రశ్న పాలనలో స్థిరపడిపోయింది. స్వతంత్ర భారతంలో 1979 నాటి నిపుణుల బృందం పల్లెల్లో 2,400, పట్టణాల్లో 2,100 కేలరీల ఆధారంగా పేదరికపు గీత గీసినప్పుడు ఉద్దేశం వేరు, ఆ గీతకు కింద ఉన్నవారికి సాయం చేయాలన్నది దాని తాత్పర్యం. అయినా మనిషిని కేలరీల అడుగుమట్టం దగ్గర కొలిచే అలవాటుకు ఒక చరిత్ర ఉంది. ఆ చరిత్రలో మా వృత్తికి భాగముంది. ఎంత చాలునో చెప్పమని రాజ్యం డాక్టరును పిలుస్తుంది. డాక్టరు నిజాయితీగా, దయతో, కొంచెం ఎక్కువ అంకె చెబుతాడు. ఎవరు ఎందుకు తక్కువతో సరిపెట్టుకోవాలో అతన్ని ఎవరూ అడగరు, అతనూ అడగడు.

నెల్లూరు తీరం వెంట సాగే బకింగ్‌హామ్ కాలువలో, మద్రాసు నగరం మధ్య కూవం, అడయారు నదులను కలిపే భాగాన్ని 1877–78లో కరువు కూలీలు తవ్వారు. కాలువకు గవర్నరు పేరు దక్కింది. తవ్వినవారిలో ఎందరు ఆ ఏడాది దాటారో చెప్పే లెక్క డేవిస్ పట్టికలో ఉండడానికి వీలులేదు. కానీ వారికి 2,500 ఇవ్వడం తెలిసిన ప్రభుత్వమే 1,627 ఇచ్చిందని ఆ పట్టిక చెబుతుంది. ఇకపై దాన్ని ఉదహరించేవారు ఆ వరుసను ముందు చదవాలని నా మనవి.