మదర్సాలో మామూలు రోజులు

కెమెరా మమ్మల్ని వెతుక్కుంటూ వచ్చేది అల్లర్లప్పుడో, బాంబులు పేలినప్పుడో. మిగతా రోజుల్లో మేం లేనట్టే. కథా సినిమాల్లో సాయిబు యాసతో నవ్వించాలి, లేదా తుపాకీ పట్టాలి. అందుకే ఇండోనేషియా దర్శకుడు షలాహుద్దీన్ సిరేగార్ 2019లో తీసిన డాక్యుమెంటరీ ‘పెసాంత్రెన్’ మాకు అంత దగ్గరగా అనిపించింది.

పెసాంత్రెన్ అంటే పిల్లలు అక్కడే ఉండి చదువుకునే మదర్సా. పశ్చిమ జావాలో చిరెబోన్ ప్రాంతంలోని కెబోన్ జంబు అలాంటిదే. భర్త పోయాక దాని బాధ్యత ఎత్తుకున్నావిడ మస్రియా అమ్వా. మగపిల్లలూ చదివే మదర్సాకి ఆడమనిషి పెద్ద! సిరేగార్ దాన్ని వింతగా చూపడు. పిల్లల చదువుల్నీ పనుల్నీ, టీచర్ల మాటల్నీ ఓపిగ్గా చూస్తూ కూచుంటాడు. 2017లో మహిళా ఉలేమాల మహాసభ జరిగిందీ ఈ మదర్సాలోనే. బాల్యవివాహాలకు వ్యతిరేకంగా ఆ సభ ఫత్వా ఇచ్చింది. బురఖా కనపడగానే జాలిపడే మన స్త్రీవాద మిత్రులు ఈ సినిమా చూడాలి. మా మౌల్వీసాబులైతే రెండుసార్లు చూడాలి.

2002 బాలి పేలుళ్ల తర్వాత అక్కడి పెసాంత్రెన్‌ల మీదా అనుమానం పడింది. అయినా అక్కడ అధిక సంఖ్యాకులు ముస్లింలే. సిరేగార్ ఎవరికీ సంజాయిషీ ఇచ్చుకోనక్కర్లేదు. ఇక్కడ మావాడెవడైనా మదర్సాలో కెమెరా పెడితే, మొదటి పది నిమిషాలు జెండాకే సరిపోతాయి.