పన్ను పీకినా పోని నొప్పి

పంటి నొప్పితో వచ్చేవాళ్లు దవడను అరచేత్తో అదిమి పట్టుకొని వస్తారు. కొందరు మాత్రం చెయ్యిని చెంపకు బెత్తెడు దూరంలో ఆపి, గాలి కూడా తగలకుండా అడ్డం పెట్టుకొని వస్తారు. కోరుట్లలో పళ్ల డాక్టరుగా నేను ముందు చూసేది ఆ చెయ్యినే. చెంపను ముట్టుకోని చెయ్యి కనిపించిందంటే పనిముట్లు పక్కన పెట్టి మాటల్లోకి దిగుతాను.

బీడీలు చుట్టే ఒక అవ్వ అట్లాగే వచ్చింది. కుడి దిక్కు కింది దవడ పళ్లను ఒక్కొక్కటిగా, ఒక్కోచోట పీకించుకుంటూ వచ్చింది. మధ్యలో వాకుడు గింజల పొగ పట్టించుకొని పురుగులు కూడా తీయించుకుందట. "సారూ, ఈ దిక్కు ఇగ ఒక్క పన్నే ఉన్నది. అది గూడ తీసెయ్, పీడ వోతది" అన్నది. పన్ను తట్టి చూశాను, ఎక్స్‌రే తీశాను. దానికేం కాలేదు. నొప్పి ఎట్లుంటదవ్వా అని అడిగితే, "కరెంటు కొట్టినట్టు గుంజుతది. జరసేపే. మల్ల ఏం లేనట్టే ఉంటది. మొకం కడుక్కోవాల్నంటె బయం. సర్వపిండి తినుడు బందు వెట్టిన" అని చెప్పుకొచ్చింది. ఫ్యాను గాలి పడక, తునికాకు చాట ఎత్తుకొని మూలకు జరిగి బీడీలు చుట్టుకుంటుందట. చెబుతుండగానే మాట ఆగిపోయింది. కుడికన్ను మూసుకుపోయి సగం మొహం ముడుచుకుంది. కొన్ని క్షణాలు. ఆ తర్వాత, ఆగిన మాట దగ్గరి నుంచే మళ్లీ అందుకుంది.

దీని పేరు ట్రైజెమినల్ న్యూరాల్జియా. ముఖం మీది స్పర్శను మెదడుకు చేరవేసే అయిదో నరం జబ్బు. యాభై దాటినవాళ్లలో, అందులోనూ ఆడవాళ్లలో ఎక్కువ. దాదాపు ఎప్పుడూ ముఖానికి ఒక పక్కనే వస్తుంది. ఫ్రెంచి వైద్యుడు నికొలస్ ఆండ్రే 1756లోనే దీన్ని వేరే జబ్బుగా గుర్తించి పేరు పెట్టాడు. సినిమా నటుడు సల్మాన్ ఖాన్ 2011లో అమెరికా వెళ్లి చికిత్స చేయించుకున్నది దీనికే. ఆ పేరు చెబితే మా దగ్గర కుర్రాళ్లు చప్పున నమ్ముతారు. అవ్వకు మాత్రం ఆయనెవరో తెలియదు, కాబట్టి నాకు ఆ సులువు దొరకలేదు.

నొప్పి దవడలో తెలుస్తుంది గానీ చాలామందిలో గొడవ ఉన్నది చెవి వెనక, పుర్రె లోపల. అయిదో నరం మెదడు కాండంలోంచి బయటికి వచ్చే చోట ఒక చిన్న ధమని దాని పక్కనే ఉంటుంది. వయసు పెరిగే కొద్దీ ధమనులు సాగి వంకర తిరుగుతాయి. అట్లా సాగిన వంపు నరం మీద పడి, గుండె కొట్టుకున్నప్పుడల్లా దాన్ని మోదుతుంది. ఏళ్ల తరబడి మోదితే నరపు పోగుల మీది పొర అక్కడ అరిగిపోతుంది. ఆ తర్వాత ఏం జరుగుతుందో, ఇదే నొప్పి ఉన్న, సిరిసిల్లలో సైజింగ్ పనిచేసే ఒకాయన నాకంటే బాగా చెప్పాడు. పడుగుకు గంజి ఎందుకు పట్టిస్తారు సారూ, పోగుకు పోగు రాసుకొని పీచు లేవకుండా. గంజి సరిగ్గా పట్టకపోతే సాంచె మీద పక్కపోగులు పెనవేసుకుంటాయి, నా నరంలో అయింది గూడ గదే గదా అన్నాడు. సరిగ్గా అదే. తాకిడిని మోసే పోగు నుంచి నొప్పిని మోసే పోగులోకి కబురు దూకుతుంది. గాలి తగిలితే నొప్పి పుడుతుంది.

ఈ జబ్బుకు వందేళ్ల కింద పెద్ద పెద్ద సర్జన్లు చేసిన పనికీ, అవ్వ పళ్లకు జరిగినదానికీ పెద్ద తేడా లేదు. నొప్పి మోసుకొస్తున్నదాన్ని తీసెయ్యడమే వైద్యం అనుకున్నారు. నరాన్ని కోసేవారు. నొప్పి పోయేది, దాంతోపాటు చెంపకు స్పర్శ కూడా పోయేది. కంటికి తాకిడి తెలియక నల్లగుడ్డు మీద పుండ్లు పడేవి. బాల్టిమోర్‌లో వాల్టర్ డాండీ పుర్రె వెనక నుంచి వెళ్లి నరం కోస్తూ, చాలామందిలో ఒక రక్తనాళం దాని మీద ఆనుకొని ఉండటం గమనించాడు. నొప్పికి కారణం అదే కావచ్చని 1934లో రాశాడు కూడా. కానీ కొయ్యడం మానలేదు. ఆయన చేతిలో అప్పటికి ఆపరేషన్ మైక్రోస్కోపు లేదు, అది నిజమే.

1960ల నడుమ లాస్ ఏంజెలెస్‌లో పీటర్ జానెట్టా అనే కుర్ర డాక్టర్, ఇంకా శిక్షణలో ఉన్నవాడు, మైక్రోస్కోపు కింద కపాల నరాలను విడదీసి చూపే పనిలో ఉన్నాడు. ఎవరికోసమో తెలుసా? డెంటల్ విద్యార్థుల పాఠం కోసం. మా వృత్తికి ఈ కథలో దక్కిన గౌరవం ఇదొక్కటే కాబట్టి దీన్ని నేను ఎక్కడా చెప్పకుండా వదలను. ఆ శ్రద్ధతో బతికున్న రోగిలో చూసినప్పుడు, నరాన్ని మోదుతున్న ధమని అతనికి స్పష్టంగా కనబడింది. నరం తప్పేమీ లేదు కదా, మరి దాన్నెందుకు కొయ్యాలి అన్నాడు. ధమనిని పక్కకు జరిపితే చాలన్నాడు. తోటివాళ్లు చాలా ఏళ్లు నమ్మలేదు. పిట్స్‌బర్గ్‌లో అతనూ అతని బృందమూ ఆపరేషన్ చేసిన 1,185 మంది ఫలితాలు 1996లో అచ్చయ్యాయి. పదేళ్ల తర్వాత కూడా నూటికి డెబ్బై మందికి మాత్ర అవసరం లేకుండా నొప్పి లేదు. ఇద్దరు చనిపోయారు, పదహారు మందికి ఆ పక్క వినికిడి పోయింది. ఈ లెక్కలు రెండూ రోగికి చెప్పాల్సినవే.

సైజింగ్ పనిచేసే ఆయనకు హైదరాబాద్‌లో ఆపరేషన్ జరుగుతున్నప్పుడు నేను థియేటర్లో ఓ మూల నిలబడి తెర మీద చూశాను. పక్కకు పడుకోబెట్టి తల కదలకుండా బిగించారు. చెవి వెనక ఎముకలో పది రూపాయల బిళ్లంత కిటికీ. మెదడు పొర కోసి నీరు వదిలేయగానే చిన్నమెదడు దానంతటదే కాస్త కిందికి జారి దారి ఇచ్చింది. తొందరపడి లాగితే చెవి నరం దెబ్బతింటుంది. అందుకే మత్తులో ఉన్న మనిషి చెవిలో టిక్ టిక్ శబ్దాలు పెట్టి, వినికిడి దారి పనిచేస్తోందో లేదో యంత్రం మీద ఒకామె కనిపెడుతూనే ఉంది. చివరికి నరం కనబడింది. తెల్లగా, దాని భుజం మీద ఎర్రటి వంపు ఒకటి ఎగిరెగిరి పడుతోంది. సర్జన్ వంపును మెల్లగా ఎత్తి, నరానికీ దానికీ మధ్య టెఫ్లాన్ దూదిని ముక్కలు ముక్కలుగా దోపాడు. నాన్‌స్టిక్ పెనాలకు పూసే సరుకే అది. అంత దూరం వెళ్లి చేసిన పని ఆ దోపడమే. నరం మీద గాటు పడలేదు.

పొద్దున లేచి ఆయన చేసిన మొదటి పని చెంప మీద చెయ్యి వేసుకోవడం అని వాళ్లావిడ చెప్పింది. అందరికీ ఇలాగే అవుతుందని రాయను. అందరికీ ఆపరేషన్ అక్కర్లేదు కూడా. మూర్ఛకు వాడే కార్బమజెపీన్ ఈ నొప్పికి పనిచేస్తుందని 1962 నుంచీ తెలుసు. అవ్వ ఆ మాత్రతోనే నెట్టుకొస్తోంది, ఆ ఒక్క పన్నుతో మెత్తటివి తింటోంది. సైజింగ్ ఆయనకు మాత్ర పనిచేసేది గానీ మగతకు నడుస్తున్న యంత్రం పక్కన నిలబడలేకపోయేవాడు, అందుకే ఆపరేషన్‌కు వెళ్లాడు. మాత్ర వాడేటప్పుడు ఒంటిమీద దద్దుర్లు వస్తే వెంటనే డాక్టరుకు చూపించాలి, రక్తంలో సోడియం పడిపోతోందేమో చూసుకోవాలి, సొంతంగా ఒక్కసారి మానెయ్యకూడదు. ఎమ్మారై తప్పనిసరి, గడ్డ ఏదైనా నరాన్ని నొక్కుతోందేమో అందులో తెలుస్తుంది. ఎమ్మారైలో రక్తనాళం ఆనుకున్నట్టు కనిపించినంత మాత్రాన ఆపరేషన్ చెయ్యరు. అట్లా ఆనుకొని ఉన్నా ఏ నొప్పీ లేనివాళ్లు మనలో చాలామందే ఉంటారు.

ఇదే కథ పక్కనున్న ఏడో నరానికి జరిగితే నొప్పి ఉండదు, సగం మొహం అదురుతుంది. కింది రెప్ప దగ్గర మొదలై మూతి దాకా పాకుతుంది. ఎడమ కన్ను అదిరితే ఆడవాళ్లకు మంచిదని మురిసిపోతూ ఏళ్లు గడిపినవాళ్లను చూశాను. మూడు నాలుగు నెలలకోసారి బొటాక్స్ సూది పొడిపించుకోవచ్చు, లేదా ఇదే ఆపరేషన్. ఒక్కసారిగా మూతి వంకర పోయే జబ్బు వేరు. దానికి పసరు కట్లూ వద్దు, ఆపరేషన్ కోసం ఉరుకులాటా వద్దు, మూడు రోజుల్లోపు స్టెరాయిడ్ మాత్రలు పడాలి. చెయ్యి కూడా పడిపోతే, మాట తేడా వస్తే అది మెదడు పక్షవాతం. ఆగకుండా పెద్దాసుపత్రికి.

జగిత్యాలలో 2022లో, సిరిసిల్లలో 2023లో ప్రభుత్వ వైద్య కళాశాలలు వచ్చాయి. ఇట్లాంటి ఆపరేషన్లకు మాత్రం మావాళ్లు ఎక్కువగా హైదరాబాద్ బస్సే ఎక్కుతారు, అది ఇప్పట్లో మారకపోవచ్చు. కానీ మనవాళ్లు పోగొట్టుకుంటున్న ఏళ్లు హైదరాబాద్‌లో కాదు, ఇక్కడ మా కుర్చీల్లో, ఆర్‌ఎంపీల బల్లల మీద పోతున్నాయి. ఈ నొప్పిని గుర్తుపట్టడానికి ఏ యంత్రమూ అక్కర్లేదు, రోగి చెప్పేది రెండు నిమిషాలు వింటే చాలు. ఎక్స్‌రేలో తప్పు కనబడని పన్నును, రోగి ఎంత బతిమాలినా పీకవద్దని నా తోటి డాక్టర్లకు నా విన్నపం. చదివేవాళ్లకు ఒకటే మాట. ముఖానికి ఒక పక్కన, తాకితే కరెంటు కొట్టినట్టు నొప్పి వచ్చి క్షణాల్లో పోతుంటే, పన్ను మీద చెయ్యి వేయించకముందే నరాల డాక్టరును కలవండి. ఖర్చు సంగతి ప్రభుత్వ ఆరోగ్య పథకం ఉన్న ఆసుపత్రిలో, ఆ పథకం చూసుకునే ఆరోగ్యమిత్రను ముందే అడగండి.