పరిస్థితి మనది, మాట వాళ్ళది

అమెరికా టెలివిజన్‌లో ‘క్యాండిడ్ కెమెరా’ అని ఒక కార్యక్రమం వచ్చేది. ఎక్కడో ఓ మూల కెమెరా దాచేవారు. దారిన పోయే మనిషికి ఓ విచిత్రమైన పరిస్థితి కల్పించేవారు. అతనేం చేస్తాడో దేశానికంతా చూపించేవారు. ఆ కార్యక్రమాన్ని నడిపిన అలెన్ ఫంట్, 1960లలో న్యూయార్క్‌లో ఒక అలబామా అమ్మాయి రాసిన హాస్యపు స్కిట్లు నచ్చి ఆమెను రచయిత్రిగా పెట్టుకున్నాడు. బర్మింగ్‌హామ్ నగరంలో పుట్టిన ఆ అమ్మాయి అసలు పేరు ప్యాట్రీషియా నీల్. అదే పేరుతో అప్పటికే ఓ ప్రసిద్ధ నటి ఉండటంతో ఫ్యానీ ఫ్లాగ్ అని మార్చుకుంది.

ఆ కొలువులో పరిస్థితిని అల్లడం వరకే రచయిత వంతు. అందులో ఇరుక్కున్న మనిషి ఏమంటాడో ముందే రాసిపెట్టడం కుదరదు. అతను తడబడతాడు. మొహమాటానికి తలూపుతాడు. పక్కవాడి మొహం చూస్తాడు. తనకే నమ్మకం లేని అబద్ధం ఒకటి ఆడేస్తాడు. నవ్వంతా అక్కడే ఉంటుంది. ఇలాంటి పని కొన్నాళ్ళు చేసిన రచయితకు రెండు విషయాలు ఒంటబడతాయి. సందర్భం గట్టిగా కుదిరితే జోకు వేరే రాయక్కర్లేదు. మామూలు మనిషి నోటి మాట ముందు రచయిత తెలివి ఎప్పుడూ ఓ మెట్టు కిందే. ఫ్లాగ్ తరవాత రాసిన నవలలకు పునాది ఇక్కడే పడిందని నా నమ్మకం.

నేను టీవీ సీరియళ్ళకు మాటలు రాసినవాణ్ణి. మా దగ్గర పనులు పంచేసి ఉంటాయి. కథ ఒకరిది, స్క్రీన్‌ప్లే ఇంకొకరిది, మాటలు మరొకరివి. సీన్ ఆర్డర్ చేతికొస్తుంది. ఎవరి ఇల్లు, పగలా రాత్రా, ఎవరెవరు ఉంటారు, సీను ఎక్కడ ఆగాలి అన్నీ అందులో ఉంటాయి. ప్రకటనలకు ముందు ఓ కుదుపు, ఎపిసోడ్ చివర ఇంకా పెద్ద కుదుపు ఉండాలి. ఈ పనిని చులకన చేసేవాళ్ళతో నాకు పేచీ ఉంది. సీనులోకి ఎప్పుడు అడుగుపెట్టాలో, ఎప్పుడు బయటపడాలో నేర్పేది ఈ పనే. పేరు చూడకుండానే ఎవరి మాటో తెలిసిపోయేలా రాయడం ఇక్కడే అలవడుతుంది. నటి నోట పలకని వాక్యం కాగితం మీద ఎంత ముద్దుగా ఉన్నా కొట్టేయాలని సెట్టు మీద ఒక్కసారి నిలబడితే తెలిసిపోతుంది.

అయితే ఆ పనిలో మాకు దక్కనిది ఒకటుంది. అది కథ చెప్పేవాడి గొంతు. స్క్రిప్టులో చెప్పే పని కెమెరాది. సుబ్బమ్మగారి సంగతి మొదలుపెట్టి, మధ్యలో ఆవిడ మేనత్త పెళ్ళి దాకా వెళ్ళి, ఆ పెళ్ళిలో తప్పిపోయిన చెంబు సంగతి కూడా చెప్పి తిరిగి రావడానికి అక్కడ చోటుండదు. పల్లెటూరి హాస్యం చాలావరకు పుట్టేది ఆ పక్కదారుల్లోనే. స్క్రిప్టు రాసే మనిషి నవల మొదలుపెట్టాడంటే, ఆ గొంతు కోసమే వచ్చాడని నాకనిపిస్తుంది.

అమెరికా దక్షిణాది రాష్ట్రాలకు ఇలాంటి గొంతుల సంపద ఉంది. అలబామా, మిసిసిపీ, జార్జియాల్లో ఇంటి ముందు వసారాలో కూర్చుని చుట్టరికాలు, చర్చి తగాదాలు, వంటలు, చావులు అన్నీ కలిపి చెప్పుకోవడం తరతరాల అలవాటు. మిసిసిపీ రచయిత్రి యుడోరా వెల్టీ, ఇంట్లోవాళ్ళతో తగవుపడి ఊరి పోస్టాఫీసుకు కాపురం మార్చేసిన ఒకమ్మాయి చేత కథంతా చెప్పించింది. ఆ అమ్మాయి తన పక్షం ఎంత గట్టిగా వాదిస్తుంటే మనకు ఆ ఇల్లంతా అంత స్పష్టంగా కనబడుతుంది.

ఫ్లాగ్‌కు వెల్టీ అంటే ఆరాధన. రచయిత్రి కావాలని చిన్నప్పటినుంచీ కోరిక కూడా. అడ్డం వచ్చింది అక్షరదోషాలు. అది డిస్లెక్సియా అని ఆమెకు చాలాకాలం తెలియదు. 1970లలో ‘మ్యాచ్ గేమ్’ అనే టీవీ ఆటలో పాల్గొన్నప్పుడు కార్డు మీద ఆమె రాసే జవాబుల్లో తప్పులు గమనించి, ఓ టీచర్ ఉత్తరం రాసి ఆ సంగతి చెప్పింది. 1978లో కాలిఫోర్నియాలోని శాంటా బార్బరా రచయితల సదస్సుకు ఫ్లాగ్ వెళ్ళింది. అక్కడి పోటీకి కథ రాయాలి. పదకొండేళ్ళ పిల్ల చెబుతున్నట్టు రాసింది. పిల్ల రాతలో తప్పులుంటే ఎవరూ తప్పుపట్టరు కదా. ఆ కథకే మొదటి బహుమతి వచ్చింది. అది పెరిగి 1981లో ‘కమింగ్ అట్రాక్షన్స్’ నవలైంది. తరవాత ‘డెయిజీ ఫే అండ్ ద మిరకిల్ మ్యాన్’ అని పేరు మారింది.

ఆ నవల 1950లలో మిసిసిపీ సముద్రతీరాన పెరిగే డెయిజీ ఫే డైరీ. తాగుడు, అప్పులు, ఎప్పటికీ పూర్తికాని పథకాలతో తండ్రి బతుకు వెళ్ళదీస్తుంటాడు. పిల్ల అవన్నీ చూసినవి చూసినట్టు రాసేస్తుంది. దేనికి నవ్వాలో దేనికి బాధపడాలో ఆ పిల్లకు తెలియదు, మనకు తెలుస్తుంది. బుడుగును ఎరిగిన తెలుగు పాఠకుడికి ఈ కిటుకు కొత్తగా చెప్పక్కర్లేదు. సినిమాల్లోకి వెళ్ళకముందే ముళ్ళపూడి వెంకటరమణ పెద్దల లోకాన్ని పిల్లాడి నోట చెప్పించి దాని అసలు రంగు చూపించాడు. పిల్లల గొంతు ఎన్నుకోవడంలో మంచి లాభం ఒకటుంది. రచయిత తీర్పులివ్వడం మానేస్తాడు.

ఫ్లాగ్ పేరు నిలబెట్టిన నవల 1987లో వచ్చిన ‘ఫ్రైడ్ గ్రీన్ టొమాటోస్ ఎట్ ద విజిల్ స్టాప్ కేఫ్’. బర్మింగ్‌హామ్ పక్కన ఐరన్‌డేల్ అనే చిన్న రైల్వే ఊళ్ళో ఆమె బామ్మ వరస బెస్ ఫోర్టెన్‌బెరీ ఒక కేఫ్ నడిపేది. కథలోని కేఫ్‌కు అదే మూలం. నడివయసు ఇల్లాలు ఎవెలిన్ తన అత్తగారిని చూడ్డానికి ఓ వృద్ధాశ్రమానికి వెళ్తూ, అక్కడ నినీ అనే ఎనభై దాటిన ముసలావిడ దగ్గర కూర్చోవడం మొదలుపెడుతుంది. నినీ తన ఊరి కథ చెబుతుంది. ఆ ఊళ్ళో ఇడ్జీ, రూత్ అనే ఇద్దరు ఆడవాళ్ళు కలిసి బతుకుతూ కేఫ్ పెట్టుకున్నారు. రూత్ భర్త కనబడకుండా పోతాడు. హత్య కేసు కోర్టుకెక్కుతుంది.

ఇంత బరువున్న కథను ఫ్లాగ్ చిన్న చిన్న అధ్యాయాలుగా కోసింది. ప్రతిదానికీ చోటు, తేదీ పైన ఉంటాయి. సీన్ ఆర్డర్ చూసిన కళ్ళకు అది ఎవరి చెయ్యో వెంటనే తెలిసిపోతుంది. 1980లలోంచి 1920లలోకి, అక్కడినుంచి 1930లలోకి గెంతుతున్నా పాఠకుడు దారి తప్పడు. టెలివిజన్ ఇచ్చిన విద్య అంతవరకు. ఆ పైన నవల ఇచ్చిన స్వేచ్ఛ ఉంది. దాంట్లో ఆమె పెట్టిన గొప్ప గొంతు డాట్ వీమ్స్‌ది. డాట్ ఆ ఊరి పోస్టుమాస్టరు. వారంవారం ఊరి వార్తలు రాసి బులెటిన్ తెస్తుంది. ఎవరికి బిడ్డ పుట్టింది, ఎవరి వస్తువు పోయింది, చర్చిలో ఏం జరిగింది అన్నీ వేస్తుంది. మధ్యమధ్య తన భర్త విల్బర్ మీద చురకలు కూడా పడతాయి. ఒక్కోటి పేజీ కూడా ఉండదు. అలా నవ్వుతూ చదువుతుండగానే రైళ్ళు తగ్గుతాయి, దుకాణాలు మూతపడతాయి, చివరికి పోస్టాఫీసూ పోతుంది. ఒక ఊరు చచ్చిపోవడాన్ని ఫ్లాగ్ ఒక్క కన్నీటి వాక్యం లేకుండా ఆ చిన్న వార్తల్లోనే చెప్పేసింది.

ఇంకో సీను చూడండి. ఆకలి రోజులవి. ఇడ్జీ కేఫ్ వెనక తలుపు దగ్గర నల్లవాళ్ళకు కూడా భోజనం అమ్ముతుంది. ఊళ్ళో కొందరికి ఇది నచ్చట్లేదని చెప్పడానికి షెరీఫ్ గ్రేడీ వస్తాడు. అతను ఆ ఇంటికి పాత స్నేహితుడే. ముసుగులేసుకుని ఊరేగే కూ క్లక్స్ క్లాన్ మనిషి కూడా. ఇడ్జీ ఉపన్యాసం ఇవ్వదు. ఈసారి ఊరేగింపుకు వెళ్ళేటప్పుడు బూట్లు మార్చుకోమంటుంది, దుప్పటి కింద ఆ పెద్ద కాళ్ళు ఎవరివో అందరికీ తెలిసిపోతున్నాయంటుంది. ఆ ఒక్క మాటతో ముసుగు ఊడిపోతుంది. భయపెట్టడానికి వచ్చినవాడు పక్కింటి మనిషైపోతాడు. పరిస్థితి రచయిత్రిది, మాట పూర్తిగా ఇడ్జీది. తమాషా కూడా ఎంత పని చేయగలదో నాకు చూపించిన సీను ఇది.

1991లో ఆ నవల సినిమాగా వచ్చింది. క్యారల్ సోబియెస్కీతో కలిసి రాసిన స్క్రీన్‌ప్లేకు ఫ్లాగ్ ఆస్కార్ నామినేషన్ అందుకుంది. సినిమా బాగుంటుంది. అయినా నవలలో దాపరికం లేకుండా చెప్పిన ఇడ్జీ, రూత్‌ల ప్రేమ సినిమాకొచ్చేసరికి స్నేహంగా మెత్తబడింది. వెండితెరకు చాలామంది అనుమతి కావాలి. నవలకు ఆ అవసరం లేకపోయింది.

ఇదే దారిలో నడిచిన మరో రచయిత్రి ఏడ్రియానా ట్రిజియానీ. ‘ద కాస్బీ షో’, ‘ఎ డిఫరెంట్ వరల్డ్’ లాంటి కామెడీ సీరియళ్ళకు రాసింది. తను పెరిగిన వర్జీనియా కొండల్లోని బొగ్గుగనుల ఊరు బిగ్ స్టోన్ గ్యాప్ మీద ఒక స్క్రీన్‌ప్లే మొదలుపెట్టింది. అదే 2000లో ఆ ఊరి పేరుతోనే నవలగా వచ్చింది. ముప్పై అయిదేళ్ళు నిండినా పెళ్ళి కాని ఆవె మరియా ఆ ఊరి మందుల షాపు నడుపుతుంది. మందుల షాపావిడకు ఊళ్ళో ఎవరికి ఏ జబ్బో తెలుసు. ఎవరు దేనికి భయపడుతున్నారో తెలుసు. ఊరంతటి కథ ఆమె నోట చెప్పించడం కన్నా మంచి ఉపాయం ఏముంటుంది? తరవాత ట్రిజియానీ తనే దర్శకత్వం వహించి, అదే ఊళ్ళో సినిమా తీసింది.

ఈ ఇద్దరినీ చదివాక నాకు ఖాయంగా తేలింది ఒకటే. ఊరి మీద హాస్యం రాయడానికి ఆ ఊరివాళ్ళ మీద గౌరవం ముందు కావాలి. యాసను ఎగతాళికి వాడుకుంటే రెండు పేజీలు నవ్వు వస్తుంది, మూడో పేజీలో మనిషి మాయమైపోతాడు. ఫ్లాగ్ మనుషులు నవ్విస్తూనే వండిపెడతారు, అబద్ధపు సాక్ష్యం చెప్పి ఒకరినొకరు కాపాడుకుంటారు, చనిపోయినవాళ్ళ గురించి బతికున్నట్టే మాట్లాడతారు. నవల చివర ఆ కేఫ్ వంటల తయారీ కూడా ఇచ్చింది. ఆ మనుషుల చేతి వంట కూడా వదులుకోలేనంత ప్రేమ ఆమెది.

హైదరాబాద్ కృష్ణానగర్ గదుల్లో కూర్చుని రోజుకో ఎపిసోడ్‌కు మాటలు రాస్తున్న తమ్ముళ్ళకూ చెల్లెళ్ళకూ నా మనవి ఇది. మీ చెవి మీకు తెలియకుండానే పదునెక్కి ఉంది. అరపేజీలో అత్తాకోడళ్ళ పదేళ్ళ పగ చెప్పగలరు మీరు. ఆ చెవిని మీ సొంత ఊరికి తీసుకెళ్ళండి. పోస్టుమాస్టరో, ఆర్ఎంపీ డాక్టరో, టిఫిన్ సెంటరు నడిపే అక్కో, ఊరందరినీ ఎరిగిన ఒక్క మనిషిని ఎన్నుకోండి. ఆ మనిషిని ఇరుకున పెట్టే సందర్భం ఒకటి అల్లండి. తరవాత కలం ఆపి, ఏమంటారో విని రాసుకోండి. అక్కడ టీఆర్‌పీ లేదు, విరామానికి ముందు కుదుపు అక్కర్లేదు, మేనత్త పెళ్ళి దాకా వెళ్ళి రావచ్చు. మన సీరియళ్ళు కొన్ని వేల ఎపిసోడ్లు నడిచాయి. వాటికి మాటలు రాసిన చేతుల్లోంచి హాయిగా నవ్వించే ఊరి నవలలు రావాల్సినన్ని రాలేదు. ఆ బాకీ మనమే తీర్చాలి.