మరపు గాలి: ‘ది బరీడ్ జెయింట్’ నవలపై ఒక పరిశీలన

అద్భుత కథల్లో మనుషుల జ్ఞాపకాలను ఎత్తుకుపోయే గాలులు, మంచులు, నీళ్లు మీకు కొత్త కాదు. అలాంటిది ఎదురైనప్పుడు చాలామంది పాఠకులు ఆ మాయ ఎలా పనిచేస్తుందనే దగ్గరే ఆగిపోతారు. విమర్శకుడు ఇంకో ప్రశ్న వేయాలి. ఆ మరపు వల్ల ఎవరికి లాభం? కజువో ఇషిగురో 2015లో వెలువరించిన ‘ది బరీడ్ జెయింట్’ అనే ఆంగ్ల నవలను ఈ ప్రశ్నతోనే చదువుదాం. ఇషిగురో 1954లో జపాన్‌లోని నాగసాకిలో పుట్టి, ఐదేళ్ల వయసులో ఇంగ్లండుకు చేరాడు. 2017లో నోబెల్ బహుమతి పొందాడు.

కథాకాలం ఆర్థర్ రాజు పోయిన తర్వాతి బ్రిటన్. బ్రిటన్లు, సాక్సన్లు అనే రెండు జాతులు ఇరుగుపొరుగు ఊళ్లలో బతుకుతుంటాయి. దేశాన్ని ఒక పొగమంచు కమ్మి ఉంటుంది. ఏళ్లనాటి సంగతులే కాదు, పొద్దున జరిగింది కూడా మనసుల్లో నిలవదు. యాక్సిల్, బియాట్రిస్ అనే వృద్ధ దంపతులు కొడుకును చూడాలని బయలుదేరతారు. ఆ కొడుకు రూపం వాళ్లకు గుర్తులేదు. ఎందుకు విడిపోయాడో అంతకన్నా గుర్తులేదు.

ఆరంభంలోని ఒక చిన్న ఘట్టాన్ని జాగ్రత్తగా చూడండి. మార్తా అనే చిన్నపిల్ల కనబడకుండా పోతుంది. ఊరంతా కంగారుపడి వెతకడానికి సిద్ధమవుతుంది. ఇంతలో గొర్రెల కాపరులు తాము చూసిన ఒక పక్షి గురించి వాదన లేవదీస్తారు. ఊరు ఆ వాదనలో పడి పిల్లను మరిచిపోతుంది. తర్వాత ఆ పిల్ల తనంతట తానే తిరిగి వస్తుంది. ఊరివాళ్లలో చెడ్డవాడు ఒక్కడూ లేడు, అయినా ఒక పసిపిల్ల అందరి మనసుల్లోంచి జారిపోయింది. నవల ముందుముందు చెప్పబోయే పెద్ద మరపుకు ఇదే నమూనా.

ఈ పొగమంచు ప్రకృతి సహజం కాదని పోను పోను తెలుస్తుంది. అది క్వెరిగ్ అనే ఆడ డ్రాగన్ ఊపిరి. మన వాడుకలో ఒక మనిషి తీరు ఉన్నట్టుండి మారితే ‘గాలి సోకింది’ అంటాం. ఇక్కడ ఒక దేశానికే గాలి సోకింది. సోకించినవాడు మెర్లిన్ అనే మాంత్రికుడు, చేయించినవాడు ఆర్థర్. యుద్ధంలో స్త్రీలను, పిల్లలను, నిరాయుధులను ముట్టుకోబోమని రెండు జాతుల మధ్య ఒప్పందం కుదిరింది. ఆ ఒప్పందాన్ని మీరి ఆర్థర్ సైన్యం సాక్సన్ ఊళ్లను ఊచకోత కోసింది. మిగిలినవాళ్లు పగబట్టకుండా ఉండాలంటే వాళ్లకు ఆ సంగతి గుర్తే ఉండకూడదు. గవైన్ అనే ముసలి యోధుడు డ్రాగన్‌ను చంపడానికే తిరుగుతున్నానని చెప్పుకుంటాడు. నిజానికి దాన్ని కాపాడుతున్నది అతడే. జవాబుపత్రాల్లో కొందరు ఈ పొగమంచు ముసలితనపు మతిమరుపుకు ప్రతీక అని రాసి ఊరుకుంటారు. దంపతుల వరకు ఆ అర్థం సరిపోవచ్చు. రాజాజ్ఞతో పుట్టిన మరపును అది వివరించలేదు.

పోలికకు శకుంతల కథను తీసుకోండి. మహాభారతంలో దుష్యంతుడికి మరపు లేదు. అంతా తెలిసే, లోకనిందకు వెరచి, ఆమెను ఎరుగనంటాడు. నన్నయ భారతంలోనూ అంతే. దుర్వాసుడి శాపాన్ని, ఉంగరాన్ని కథలోకి తెచ్చినవాడు కాళిదాసు. దాంతో రాజు నిర్దోషి అయ్యాడు, ప్రేక్షకుల సానుభూతికి పాత్రుడయ్యాడు. నాటకానికి అది అవసరమే. కాని నిండుసభలో నిలబడిన శకుంతల వైపు నుంచి చూస్తే, ఆ శాపం రాజుకు ఎంత అనుకూలంగా వచ్చిందో తెలుస్తుంది. ఇషిగురో దారి దీనికి ఎదురు. అతని నవలలో మరపు తప్పు జరిగిన తర్వాత వచ్చింది, తప్పు చేసినవాడే దాన్ని తెప్పించుకున్నాడు. అందుకే అది ఎవరినీ నిర్దోషిని చేయదు.

అలాగని రచయిత సులువైన తీర్పు ఇవ్వడు. ఈ మరపు నీడలో ఒక తరం ప్రశాంతంగా పెరిగింది, ఇంకొంతకాలం ఆగితే పాత గాయాలు మానుతాయి అన్నది గవైన్ వాదన. కొట్టిపారేయదగ్గది కాదు. సాక్సన్ యోధుడు విస్టన్ దాన్ని ఒప్పుకోడు. గవైన్‌ను, ఆపైన డ్రాగన్‌ను చంపుతాడు. చనిపోయినవాళ్ల విషయంలో న్యాయం విస్టన్‌దేనని నా అభిప్రాయం. కాని అదే విస్టన్, ఎడ్విన్ అనే కుర్రాడి చేత బ్రిటన్లను ద్వేషిస్తానని మాట తీసుకుంటాడు. ఆ కుర్రాడికి దారిలో తోడు నిలిచిన యాక్సిల్, బియాట్రిస్ బ్రిటన్లే! 1990లలో యుగోస్లావియా, రువాండాలలో పక్కపక్కన బతికినవాళ్లే ఒకరినొకరు చంపుకోవడం ఈ నవల ఆలోచనకు వెనక ఉందని ఇషిగురో ఇంటర్వ్యూల్లో చెప్పాడు.

లోపాలు లేకపోలేదు. మఠంలో జరిగే భాగం సాగుతుంది. పాత్రలన్నీ ఒకే మర్యాద ధోరణిలో మాట్లాడతాయి.

డ్రాగన్ చనిపోయాక దంపతులకూ గతం తిరిగి వస్తుంది. బియాట్రిస్ ఒకప్పుడు భర్తకు నమ్మకద్రోహం చేసింది. కొడుకు ఇల్లు విడిచిపోయి, ప్లేగుతో చనిపోయాడు. ఆ సమాధి దగ్గరకు భార్యను వెళ్లనివ్వనివాడు, ఇంతదూరం ఆమెను ఆప్యాయంగా నడిపించుకొచ్చిన యాక్సిలే. చివరి అధ్యాయాన్ని మనకు చెప్పేది వాళ్లను ద్వీపానికి చేర్చవలసిన పడవవాడు. ఇద్దరినీ ఒక్కసారి తీసుకెళ్లలేనంటాడు. రెండో అధ్యాయంలో ఒక వృద్ధురాలు, పడవవాడు తన భర్తను దాటించి తనను ఒడ్డున వదిలేశాడని నిలదీస్తుంది. ముందు ఆ ఘట్టాన్ని చదివి, వెంటనే చివరి అధ్యాయం చదవండి. ఈ పడవవాడి మాట ఎంతవరకు నమ్మవచ్చో, ఎందుకో, మీ అసైన్‌మెంటులో రాయండి.