సోమరితనమా? బేరమా?

పేదరికం తగ్గించడంలో ప్రభుత్వ బాధ్యత ఎంత అన్న చర్చ కథల్లోకీ వచ్చింది. నేను చదివిన కొన్ని కథల్లో ఒక పాత్ర తప్పడం లేదు: పథకాలతో సోమరి అయిన కూలీ. ఈ పాత్రను రచయిత ఏ వర్గం కళ్లతో చూశాడు?

2005 ఉపాధి హామీ చట్టం గ్రామీణ కుటుంబానికి ఏటా 100 రోజుల పనిని హక్కు చేసింది. అడిగిన 15 రోజుల్లో పని చూపకపోతే భృతి ఇవ్వాలంది. మరోచోట పని ఉందన్న ధైర్యంతో కూలీలు తక్కువ కూలికి రామన్నారు. భూమిగలవాడు దాన్నే సోమరితనమన్నాడు, రచయిత నమ్మాడు.

ఆ చట్టం భూమి పంచలేదు, దోపిడీని రద్దు చేయలేదు. నిజమే. కాని బేరమాడే బలాన్నిచ్చింది. ఆ బలాన్నీ, దాని పరిమితినీ కలిపి చూపడమే వాస్తవికత. అది లేని కథ ఎంత కన్నీరు కార్చినా యజమాని పక్షమే.