మంచుచిరుత: నామౌచిత్య విచారము

పదునొకండవ శతాబ్దమున కాశ్మీరదేశమున వర్ధిల్లిన క్షేమేంద్రుడు ‘ఔచిత్యవిచారచర్చ’ యను చిన్న గ్రంథమును రచించెను. కావ్యమునకు ఔచిత్యమే ప్రాణమని ఆయన సిద్ధాంతము. పదము, వాక్యము, అలంకారము, రసము మొదలుగా ఔచిత్యమును పరీక్షింపవలసిన తావులను లెక్కించుచు, ఆ లెక్కలో నామమును గూడ ఆయన చేర్చెను. పేరు వస్తువునకు తగియుండవలెను. తగనిచో అది యెంత ఇంపైనదైనను దోషమే యగును. ఈ కొలబద్దను మన పండితులు కావ్యములకు వాడిరి గాని, రాజ్యములు తమ పనులకు పెట్టుకొను పేర్లకు వాడినవారు అరుదు. అట్టి పేర్లలో మనుష్యుల ప్రాణములతో ముడివడినవి సైన్యచర్యల పేర్లు. వానిలో మంచును, చలిని, హిమవంతమును స్మరింపజేయు కొన్నింటిని ఇచట పరీక్షింపదలచితిని.

ఎండకు పేరుపడిన సూర్యాపేటవారికి మంచుతో నేమి పని యని పాఠకులు అడుగవచ్చును. పని కలదు. 2020వ సంవత్సరము మొదలుకొని ఆ పట్టణము ఒక హిమనామముతో విడరాని బంధము కలదై యున్నది. ఆ సంగతికి పోవుటకు ముందు, మన త్రోవన పూర్వము నడచిన మఱియొక పేరును చూతము.

బెజవాడనుండి హైదరాబాదునకు పోవు రాజమార్గమున కోదాడ, సూర్యాపేట వరుసగా వచ్చును. మిర్యాలగూడ ఆ మార్గమునకు దక్షిణమున నున్నది. 1948 సెప్టెంబరు 13వ తేదీన భారతసైన్యములు హైదరాబాదు సంస్థానమున ప్రవేశించినపుడు తూర్పుదళము మేజరు జనరలు రుద్రా నాయకత్వమున ఈ మార్గముననే నడచెను. వెనుకకు తగ్గుచున్న నిజాము సైనికులు మూసీ వంతెనను పడగొట్టిరి. 17వ తేదీకి నిజాము లొంగిపోయెను. సైన్యమువారు ఈ చర్యకు పెట్టుకొన్న పేరు ‘ఆపరేషన్ పోలో’. పోలో యనునది గుఱ్ఱములనెక్కి కఱ్ఱలతో బంతినాడు దొరల క్రీడ. హైదరాబాదున పోలో మైదానములు పెక్కులుండుటచే ఆ పేరు పెట్టిరని చెప్పుదురు. ప్రభుత్వము లోకమునకు చెప్పిన పేరు ‘పోలీసు చర్య’. మొదటి పేరు యుద్ధమును ఆటగా చేసెను. రెండవ పేరు దొంగలను పట్టు పనిగా చేసెను. ఆ దినములలోను, ఆ వెనుకను సంస్థానమున 27,000 మొదలు 40,000 వఱకు జనులు మరణించియుందురని సుందరలాల్ సంఘము అంచనావేసెను. ఆ నివేదిక 2013వ సంవత్సరము వఱకు జనులకు అందుబాటులోనికి రాలేదు. పాఠ్యపుస్తకములలో పోలీసు చర్య అయిదు దినములలో ముగియును. సూర్యాపేట, హుజూరునగరు, మిర్యాలగూడ ప్రాంతముల పల్లెలలో మాత్రము సైన్యము పిమ్మట కమ్యూనిస్టు దళములమీదికి మరలి, 1951 అక్టోబరున సాయుధపోరాటము విరమింపబడువఱకు పని సాగించెను. నామము ముగిసినను క్రియ ముగియలేదు. పేరు వస్తువుకంటె చిన్నదైనపుడు, మిగిలిన వస్తువు చరిత్రకు వెలుపల పడిపోవును.

ఇక శీతలనామములకు వత్తము. సైన్యచర్యకు సంకేతనామమెందుకు? శత్రువునకు గుట్టు తెలియకుండుటకు. కావున సంకేతముగా నున్నంతవఱకు పేరు వస్తువును తెలుపరాదు. తెలుపకుండుటయే దాని ఔచిత్యము. కాని చర్య బయటపడి, ఆ పేరు పతకపత్రములలోను, వార్తాపత్రికలలోను, శిలాఫలకములమీదను ఎక్కినపిమ్మట దానికి రెండవ జన్మము కలుగును. అప్పుడది తాళపుచెవి కాదు, కావ్యము. అప్పుడు అది వస్తువును తెలుపవలెను. ఈ రెండు జన్మములకును రెండు ధర్మములు. ఒకదానికి తగినది రెండవదానికి తగదు. మన కాలపు సైన్యనామములయందలి చిక్కంతయు ఈ భేదమును మఱచుటవలననే కలుగుచున్నది.

రెండు విధములను చెడిన పేరునకు జర్మనుల ఉదాహరణము చాలును. స్టాలిన్‌గ్రాడున చిక్కువడిన తమ ఆఱవ సైన్యమును విడిపించుటకై 1942 డిసెంబరు 12వ తేదీన మాన్‌స్టైన్ సేనాని సాగించిన దాడికి వారు ‘వింటర్‌గెవిట్టర్’, అనగా ‘చలికాలపు ఉఱుములవాన’ యని పేరిడిరి. చలికాలమున పిడుగువలె పైబడుదుమని తెలుపు ఈ పేరు సంకేతముగా ఏమి దాచెను? సరే, కావ్యముగానైనను నిలిచెనా? ఆ నెల ముగియకమునుపే దాడి ఆగిపోయెను. 1943 ఫిబ్రవరి 2వ తేదీకి ఆఱవ సైన్యమున మిగిలినవారు లొంగిరి. పట్టువడిన సుమారు 91,000 మందిలో ఇల్లు చేరినవారు ఆఱువేలకు మించరు. చలికాలమును తమ ఆయుధముగా పేర్కొన్నవారిని చలికాలమే మ్రింగెను. ప్రకృతిని బిరుదుగా ధరించుట సులభము. అది మన బంటుగా నుండునని నమ్ముట మౌఢ్యము.

మనదేశమున సంస్కృతము చదివినవారిని మురిపించిన పేరు ‘మేఘదూత్’. 1984 ఏప్రిల్ 13వ తేదీన భారతసైన్యము సియాచిన్ ప్రాంతమున సాల్తోరో పర్వతశ్రేణియందలి కనుమలను పట్టుకొనుటకు సాగిన చర్యకు అది పేరు. కాళిదాసు కావ్యమున శాపగ్రస్తుడైన యక్షుడు రామగిరియందుండి, అలకాపురియందలి భార్యకు మేఘముచేత సందేశమంపును. సియాచిన్‌లో మనుష్యులను, తిండిని, కిరసనాయిలును మేఘములదారిని మోసినవి హెలికాప్టరులు. కావున ‘దూత’ యను మాట కొంతవఱకు అతికినదని ఒప్పుకొనవలెను. ఉత్తరదిశయు అతికినది. అతుకనిది రసము. ఆ కావ్యమున మేఘము దప్పిగొన్నవారికి నీరిచ్చును. సియాచిన్ ఆకాశము ఊపిరి తీయును. యక్షుని యెడబాటునకు ఒక్క సంవత్సరము గడువు. సియాచిన్ కాపలాకు నలుబదియేండ్లు దాటినను గడువు కానరాలేదు. 2003 నవంబరున కాల్పుల విరమణ జరిగిన వెనుక అచట తుపాకులు ఊరకుండెను, మంచు ఊరకుండలేదు. 2016 ఫిబ్రవరి 3వ తేదీన మద్రాసు రెజిమెంటు 19వ పటాలమునకు చెందిన పదిమందిపై హిమరాశి కూలెను. అందు కర్నూలు జిల్లావాడైన సిపాయి ముస్తాక్ అహమ్మదు ఒకడు. మంచుక్రింద ఆఱు దినములు ప్రాణముతోనుండి బయటపడిన హనుమంతప్ప యను కన్నడ సైనికుడును 11వ తేదీన ఢిల్లీ ఆసుపత్రిలో మరణించెను. ‘మేఘదూత్’ అనగానే సంస్కృతజ్ఞుని చెవి చల్లబడును. ఆ చల్లదనమే దోషము. శృంగారరసపు పేరు కరుణరసమును కప్పివేయుచున్నది.

ఇప్పుడు మన సూర్యాపేట సంగతి. 2020లో తూర్పు లడఖ్ సరిహద్దున చైనా సేనలు చేరినపుడు అచట జరిగిన భారతసైన్య సన్నాహమునకు ‘ఆపరేషన్ స్నో లెపర్డ్’ అని పేరు. తెలుగున మంచుచిరుత యనవచ్చును. ఆ సంవత్సరము జూన్ 15వ తేదీ రాత్రి గల్వాన్ నదీలోయలో ఇరుసేనలును తలపడెను. తుపాకులు పేలలేదు. రాళ్లతో, మేకులు దిగగొట్టిన దుడ్లతో, చేతులతో మనుష్యులు మనుష్యులను చంపిరి. మనవారిరువదిమంది చనిపోయిరి, తమవారు నలుగురు చనిపోయిరని చైనా 2021 ఫిబ్రవరిలో తెలిపెను. మనవారిలో మొదటి పేరు బీహారు రెజిమెంటు 16వ పటాలమునకు అధిపతియైన కర్నలు బిక్కుమళ్ల సంతోష్ బాబుది. సూర్యాపేటవాడు, కోరుకొండ సైనికపాఠశాలలో చదివినవాడు. జూన్ 18వ తేదీన సూర్యాపేట చెంతనున్న కేసారమున, తమ పొలముననే అంత్యక్రియలు జరిగెను. 2021 గణతంత్రదినమున ఆయనకు మరణానంతరము మహావీరచక్రము ప్రకటింపబడెను. ఆ పతకపత్రమున గల్వాన్ పేరునకు ప్రక్కనే మంచుచిరుత పేరును కలదు.

ఈ పేరును న్యాయముగా తూచుదము. గుణము లేకపోలేదు. మంచుచిరుత లడఖునకు సొంతమైన మృగము. 2024లో ప్రకటింపబడిన గణనమున దేశమందు గల 718 మంచుచిరుతలలో 477 లడఖుననే యున్నవి. దేశమునకు తగిన పేరు. పోలోవలె పరిహాసము కాదు, వింటర్‌గెవిట్టర్‌వలె ప్రగల్భమును కాదు. ఇంతవఱకు బాగు. కాని ఆ మృగము ఒంటరిది; మనుష్యుని కంటబడక తప్పుకొనునది; పుట్టుకతోనే చలికి తగిన చర్మము గలది. గల్వాన్‌లో నిలిచినవాడు ఒంటరివాడు కాడు, తనవారిని విడువనివాడు. తప్పుకొనినవాడు కాడు, నాయకుడై ముందు నడచినవాడు. పుట్టుకతో చలిచర్మము గలవాడు అసలే కాడు. వేసవిలో 40 డిగ్రీలు దాటు ఎండలో పెరిగినవాడు. ఉపమానము ఎచట పొసగవలెనో అచటనే తప్పుచున్నది.

ఈ చివరిమాట వట్టి అలంకారశాస్త్ర చర్చ కాదు. చిరుతకు చర్మమును ప్రకృతి ఇచ్చును. సైనికునకు ప్రభుత్వము ఇయ్యవలెను. 2020 ఫిబ్రవరిలో పార్లమెంటు ముందుంచబడిన కంప్ట్రోలరు, ఆడిటరు జనరలు నివేదికలో ఎత్తైన మంచుప్రదేశములందలి సైనికులకు బట్టలు, జోళ్లు, కండ్లద్దములు వేళకు అందలేదని వ్రాసిరి. మంచుకండ్లద్దముల కొఱత నూటికి 62 మొదలు 98 వఱకు నుండెనట. అది పాతకాలపు లెక్కయనియు, పరిస్థితి పిమ్మట బాగుపడినదనియు సైన్యాధికారులు బదులు చెప్పిరి. బాగుపడినచో సంతోషమే. అయినను ఒక సత్యము మిగులును: పేరు పెట్టుటకు ఖర్చు లేదు, జోళ్లు కుట్టించుటకు ఖర్చు కలదు. మంచుచిరుత యని పిలిచి, చిరుత చర్మము ఇయ్యని రాజ్యమునకు ఆ పేరు నింద యగును గాని కీర్తి కానేరదు.

“సైనికునకు ఉత్సాహము కలిగింపవలదా? వీరుని పనికి వీరనామము ఉండవలదా?” అని కొందఱందురు. ప్రశ్న తగినదే. సమాధానము సైన్యమునందే యున్నది. సంతోష్ బాబు తెలుగువాడై బీహారు రెజిమెంటు పటాలమును నడపెను. ముస్తాక్ అహమ్మదు మద్రాసు రెజిమెంటువాడు. సైనికులు దేనికొఱకు ప్రాణములిత్తురో ఆ పటాలముల పేర్లలో పిడుగులును లేవు, మృగములును లేవు. అవి ఊళ్ల పేర్లు, నాడుల పేర్లు, వాని ప్రక్కన ఒక అంకె. ఆ సాదాపేర్లకు తరతరముల సైనికులే అర్థమిచ్చిరి. ఉత్సాహమునకు అలంకారము చాలదనియు, అవసరమును కాదనియు దీనివలన స్పష్టమగుచున్నది.

1943 ఆగస్టులో బ్రిటిషు ప్రధాని చర్చిల్ తన అధికారులకు సంకేతనామములనుగూర్చి ఒక ఆజ్ఞ వ్రాసెను. పెక్కుమంది ప్రాణములు పోగల చర్యకు గొప్పలు చెప్పుకొను పేరు గాని, దిగులుపుట్టించు పేరు గాని, చులకనైన పేరు గాని పెట్టరాదని దాని సారాంశము. కొడుకును పోగొట్టుకొన్న తల్లి, వాడు ఏ చర్యలో పోయెనో నోటితో చెప్పవలసివచ్చునపుడు ఆ పేరు ఆమెను అవమానింపరాదట. మనదేశమును ఏలదలచిన ఆ దొరతో మనకు పెక్కు తగవులు కలవు. అయినను ఈ ఒక్కమాట క్షేమేంద్రుడు వినినచో తల యూపియుండును. దీనికి నేను ఒక్కటి చేర్చుదును. పేరు ఆ తల్లికి అవమానము కాకుండుటయే చాలదు, అర్థమునై యుండవలెను. మన భాషలో పుష్యమాసపు ప్రొద్దుట పొలముపై కప్పునదియు మంచే, సియాచిన్‌లో మనుష్యుని పూడ్చునదియు మంచే. కోదాడ పల్లెలోని ముసలమ్మకు ‘ఆపరేషన్ స్నో లెపర్డ్’ అని చెప్పినచో ఏమి తెలియును? ‘లడఖులో, గల్వాన్ ఏటి ఒడ్డున, రాత్రిపూట, గడ్డకట్టు చలిలో, రాళ్లదెబ్బలకు’ అని చెప్పినచో అంతయు తెలియును.

జనులు ఈ సంగతిని పండితులకంటె ముందే గ్రహించిరి. ‘ఆపరేషన్ పోలో’ మన పల్లెలలో ఎవరి నోటను నిలువలేదు. ‘స్నో లెపర్డ్’ అను మాటయు పతకపత్రములోనే మిగిలినది. జనులు ‘గల్వాన్’ అనిరి. 2021 జూన్ 15వ తేదీన సూర్యాపేట నడుమ సంతోష్ బాబు విగ్రహమును నిలిపినపుడు అచట నిలిచినది ఆయన పేరే గాని చిరుత పేరు కాదు.

కావున నా మనవి రెండు మాటలు. సంకేతమునకు ఏ పేరైనను పెట్టుకొనుడు. గుట్టు బయటపడినపిమ్మట పతకపత్రములలోను, పాఠ్యపుస్తకములలోను చోటును, దినమును, చనిపోయినవారి సంఖ్యను వ్రాయుడు. ఉపాధ్యాయులమైన మేమును పిల్లలకు చర్యపేరు వల్లెవేయించుట మాని, గల్వాన్ ఏఱు పటమునందు ఎచటనున్నదో చూపుదుము. పటమున ఆ యేటిని కనుగొన్న బాలుడు అచట చలి యెంత, మనవారికి జోళ్లు కలవా యని తానే అడుగును. ఆ ప్రశ్న అడుగనిచ్చు పేరే ఉచితమైన పేరు.