శారద నవలలు: ఆకలియు, న్యాయదృష్టియు

వేలూరు, గుడియాత్తం ప్రాంతముల తెలుగువారికి రెండు భాషల నడుమ జీవించుట క్రొత్త కాదు. ఇంట తెలుగు, అంగడిలో తమిళము వారి నిత్యానుభవము. 1911లో చిత్తూరు జిల్లా ఏర్పడినపుడు ఉత్తర ఆర్కాడు నుండి కొన్ని తాలూకాలు విడిపోయినను, మాటలకు ఎల్ల ఏర్పడలేదు. ఇట్టివారికి, తమిళ గృహమున జన్మించి తెలుగు నవలాకారుడైన శారద చరిత్ర విశేషముగ గమనింపదగినది.

శారద అసలు పేరు ఎస్. నటరాజన్. 1924లో పుదుక్కోటలో జన్మించి, 1937లో తెనాలి చేరెను. బాల్యముననే హోటలు పనికి కుదిరి, ఎంగిలి కప్పుల నడుమనే తెలుగు నేర్చెను. మూర్ఛరోగము, పస్తులు తుదివరకు వెంటాడినవి. 1955 ఆగస్టు 17న మరణించునాటికి ముప్పదియేండ్లు దాటి ఎంతో కాలము కాలేదు.

దిక్కులేని బాలునకు వీధిలో నేరము దాపుననే యుండును. ఆ దారి నడచి పిదప కలము పట్టినవారు కలరు. ఫ్రాన్సున జాఁ జెనే దొంగగా చెరసాలకు పోయి అచ్చట రచన సాగించెను. వంగదేశమున మనోరంజన్ వ్యాపారి కారాగారమున అక్షరములు నేర్చెను. శారద కూలిచేసి బ్రతికెను. అయినను, ఆకలిగొన్నవాని నీతికిని అవినీతికిని నడుమనుండు గీత ఎంత సన్ననిదో ఆయన ఎరుగును.

విమర్శకులు పలువురు ఆయన కష్టములకు కరగి, రచనలను దయతో మెచ్చుకొందురు. ఇది న్యాయము కాదు. దారిద్ర్యము మాత్రమే కవిని చేయదు. చేసినచో హోటళ్లన్నియు కవులతో నిండియుండెడివి. ఆయన నవలల పేర్లనే చూడుడు: 'ఏది సత్యం', 'మంచీ-చెడూ', 'అపస్వరాలు'. మూడును తీర్పులు కావు, సందేహములు. కష్టపడినవాడు లోకముపై కసి తీర్చుకొనుట సులభము. శారద అట్లు చేయక, తప్పు చేసినవానిని గూడ అతని నిస్సహాయతతో కలిపి చూపెను. తప్పును ఒప్పనలేదు; తప్పినవానిని తరుమను లేదు.

తొందరలో వ్రాసినందున కొన్నియెడల సంఘటనల కూర్పు వదులుగ నున్నమాట నిజము. ఆ లోపమును చెప్పుటయే ఆయనకు గౌరవము. జాలితో దాచుట చిన్నచూపు. ఆయన మిత్రుడు, తానును హోటలు కార్మికుడైన ఆలూరి భుజంగరావు 'సాహిత్య బాటసారి శారద' వ్రాసి ఆ జీవితమును మనకు దక్కించెను. ఇక రచనలను చదివి తూచుట పాఠకుల వంతు.